రాతిపువ్వుతో బట్టకు రంగు: బేగంబజార్ సరుకు ఎంతవరకు పనికొస్తుంది?

బిర్యానీ మసాలాలో వేసే రాతిపువ్వును పట్టుకో ఉన్నికో రంగు వేయడానికి కొనొచ్చా? తేనె, ఇటుక, గోధుమ ఛాయలు కావాలంటే నిశ్చింతగా కొనండి. ఊదా రంగు కోసమైతే మాత్రం కొట్టు దగ్గరే, కింద చెప్పిన చుక్క పరీక్ష చేసి, ఏరి కొనాలి. గుడ్డిగా కొంటే నెల రోజులు అమ్మోనియాలో నానబెట్టాక సీసాలో మురుగునీళ్ల రంగు తప్ప ఇంకేం మిగలదు.

మార్కులు ముందే చెప్పేస్తున్నాం. హైదరాబాద్ బేగంబజార్ గోనెసంచిలోని విడి సరుకుకు ఐదుకు నాలుగు. సూపర్ మార్కెట్ ప్యాకెట్‌కు రెండున్నర. ఆన్‌లైన్ సరుకుకు రెండు. పొడికి సున్నా. ఇవన్నీ రంగు పనికి ఇచ్చిన మార్కులు, వంటకు కాదు. నహారీలో వేసే పొట్లీ మసాలాకైతే ప్యాకెట్ సరుకు కూడా బాగానే ఉంటుంది.

ముందు ఈ సరుకు ఏమిటో తెలియాలి, ఎందుకంటే చిక్కంతా అక్కడే ఉంది. రాతిపువ్వు పువ్వు కాదు, ఆకు కాదు, నాచు కూడా కాదు. శిలీంధ్రం, శైవలం కలిసి ఒకే ఒంటిగా బతికే లైకెన్. ఉర్దూలో పత్థర్ కే ఫూల్, మరాఠీలో దగడ్ ఫూల్, తమిళంలో కల్పాసి, సంస్కృతంలో శైలేయం. అన్ని భాషల్లోనూ పేరులో రాయే ఉంది గానీ, మార్కెట్‌కు వచ్చే సరుకులో ఎక్కువ భాగం కొండ ప్రాంతాల చెట్ల బెరడు మీద నుంచి ఒలిచిందే. హిమాలయాల పాదాల దగ్గర, ముఖ్యంగా ఉత్తరాఖండ్‌లో, ఓక్ చెట్ల మీద నుంచి సేకరిస్తారు. పశ్చిమ కనుమల నుంచీ వస్తుంది. అందుకే ప్యాకెట్ విప్పితే రాతి ముక్క ఒక్కటీ కనపడదు, బెరడు పొట్టు మాత్రం గుప్పెడు రాలుతుంది.

పుస్తకాల్లో రాతిపువ్వుకు పార్మోట్రెమా పెర్లాటమ్ అని ఒకే శాస్త్రీయ నామం రాస్తారు. సంచిలో అలా ఒక్కటే ఉండదు. పార్మోట్రెమాలోనే మూడు నాలుగు జాతులు, సన్నటి పట్టీల్లాంటి ఎవర్నియాస్ట్రమ్, గడ్డంలా వేలాడే అస్నియా, చదునుగా చీలికలు చీలికలుగా ఉండే రామలీనా, అన్నీ కలిసే వస్తాయి. అడవిలో చేతికి అందింది ఒలిచి ఎండబెట్టి మూట కడతారు. వంటకు ఈ కలగాపులగం వల్ల పెద్ద నష్టం లేదు. రంగుకు మాత్రం ఒక్కో జాతి ఒక్కో మందు. ఒకటి ఊదా ఇస్తుంది, ఒకటి ఇటుక రంగిస్తుంది, ఇంకొకటి ఏమీ ఇవ్వకుండా గ్యాస్ తగలేస్తుంది.

మనకు ముఖ్యమైంది పార్మోట్రెమా టింక్టోరమ్. ఆ లాటిన్ పేరుకు అర్థమే రంగులద్దేవాళ్లది అని. దీని లోపలి తెల్ల పొరలో లెకనోరిక్ ఆమ్లం ఉంటుంది. అమ్మోనియా, గాలిలోని ఆక్సిజన్ రెండూ తగిలితే అది విరిగి ఆర్సినాల్‌గా, ఆ తర్వాత ఆర్సీన్ అనే ఊదా రంగుగా మారుతుంది. డిగ్రీలో బోటనీ చదివినవాళ్లకు ఈ ఆర్సీన్ కొత్తేం కాదు. ఉల్లి వేరు కొనను నలిపి క్రోమోజోములు చూడటానికి వాడే అసిటో ఆర్సీన్‌లో ఉండేది ఇదే. బడిలో ముంచి చూసిన లిట్మస్ కాగితం రంగు కూడా ఈ కుటుంబానిదే, అదీ లైకెన్ల నుంచి తీసిందే. ఆ సంగతి కింద మళ్లీ పనికొస్తుంది.

కొట్టు దగ్గర ఏం చూడాలి? అఫ్జల్‌గంజ్ వైపు నుంచి బేగంబజార్‌లోకి వెళ్తే మసాలా దినుసుల హోల్‌సేల్ కొట్లు వరసగా ఉంటాయి. వాటిలో చాలా చోట్ల రాతిపువ్వు మూతి విప్పిన సంచిలోనే ఉంటుంది. అడగకపోతే సంచి అడుగున ఉన్న నలుగుడే తూచి పోస్తారు. "సాబుత్ దేవ్, చూరా నక్కో" (విరగనివి ఇవ్వు, నలుగుడు వద్దు) అంటే పైనున్న పెద్ద రేకలు తీసిస్తారు. సంచిలో చెయ్యి పెట్టి చూడనిస్తే ఇంకా మంచిది. ఎండిన మంచి రేక చేతిలో పెళపెళలాడాలి. మెత్తగా వంగిందంటే తేమ పట్టింది, తూకంలో నీళ్లకు కూడా డబ్బిస్తున్నారన్నమాట. వాసన వాన పడ్డ అడవి మట్టిలా ఉండాలి. ముక్కిపోయిన గోనెసంచి వాసన వస్తే వదిలేయండి.

టింక్టోరమ్ రేక వెడల్పుగా, అంచులు గుండ్రంగా, పైన బూడిద రంగుతో ఉంటుంది. కింద నల్లగా ఉండి, అంచు దగ్గర గోధుమ రంగు పట్టీ ఉంటుంది. పైభాగాన్ని వెలుతురుకు ఏటవాలుగా పట్టి చూస్తే, మధ్యలో బొంబాయి రవ్వ చల్లి అంటించినట్టు సన్నటి గరుకు కనిపిస్తుంది. పదింతలు పెద్దగా చూపే భూతద్దం ఉంటే ఆ రవ్వ పగడపు కొమ్మల్లా తెలుస్తుంది. అంచున వెంట్రుకలు ఉండవు. పెర్లాటమ్‌కు అంచున కనురెప్పల్లాంటి నల్లటి వెంట్రుకలుంటాయి, అంచు వెంబడి తెల్లటి పిండి పట్టినట్టు ఉంటుంది. ఎవర్నియాస్ట్రమ్ అయితే అసలు రేకలా ఉండదు. కాలువలా మడిచిన సన్నటి పట్టీలు, వాటి పక్కల నల్లటి వెంట్రుకలు. కంటితో ఇంతవరకు తేల్చుకోవచ్చు. కచ్చితంగా తేల్చేది చుక్క పరీక్షే.

ఈ పరీక్షకు కిరాణా కొట్టులో దొరికే బ్లీచింగ్ పౌడర్ చాలు. చెంచాడు పొడిని పావు గ్లాసు నీళ్లలో కలిపి, పది నిమిషాలు కదపకుండా ఉంచి, పైన తేరిన నీటిని మందు చుక్కల సీసాలో పోసుకోండి. ఏ రోజుకారోజు చేసుకోవాలి. రెండు రోజులు ఎండలో ఉంటే దానిలో సత్తువ పోతుంది, అప్పుడు మంచి సరుకు కూడా ఫెయిలైనట్టు చూపిస్తుంది. రంగు బట్టలకు వాడే ఆక్సిజన్ బ్లీచ్ దీనికి పనికిరాదు. గోరుతో గానీ గుండుసూదితో గానీ రేక పై పొరను కొద్దిగా గీరండి. లోపల పత్తిలా తెల్లటి పొర బయటపడుతుంది. అక్కడ ఒక్క చుక్క వేయండి. టింక్టోరమ్ అయితే తెల్ల పొర అప్పటికప్పుడు రక్తం చిమ్మినట్టు ఎర్రబడుతుంది. అర నిమిషంలో ఆ ఎరుపు వెలిసిపోతుంది కాబట్టి చుక్క వేసి పక్కకు చూస్తే తప్పిపోతారు. లేత గులాబీ వస్తే కొద్దిపాటి ఊదా రావచ్చు. ఏ మార్పూ లేకపోతే ఆ రేకను ఎన్ని నెలలు నానబెట్టినా ఊదా రాదు. పై పొర గీరకుండా చుక్క వేయడమే అందరూ చేసే తప్పు. మందు తగలాల్సింది లోపలి పొరకు.

సంచిలో వేర్వేరు చోట్ల నుంచి పది రేకలు తీసి చూడండి. ఆరేడు ఎర్రబడితే ఊదాకు కొనొచ్చు. రెండు మూడే ఎర్రబడితే గోధుమ రంగుకు సరే, ఊదాకు వద్దు. కొట్టాయన వింతగా చూస్తాడు, చూడనివ్వండి. చుక్క వేసిన రేకలను మాత్రం తిరిగి సంచిలో పడేయొద్దు. అవి రేపు ఎవరి బిర్యానీలోకి పోతాయో తెలియదు. వాటికి డబ్బిచ్చేయండి.

ప్యాకెట్ సరుకుకు రెండున్నరే ఎందుకంటే, ప్లాస్టిక్ కవర్ మీద నుంచి చుక్క పరీక్ష కుదరదు, పైగా లోపల ఎక్కువగా ముక్కలే. గ్రాము లెక్కన విడి సరుకు కంటే రెట్టింపు దాకా పడుతుంది. ఒక మంచి గుణం లేకపోలేదు. దుమ్ము, ఇసుక తక్కువ. ఆన్‌లైన్‌లో ఫొటోలో అరచేయంత రేకలు చూపించి నలిగిన ముక్కలు పంపడం మామూలైపోయింది. ఫొటో చూసి జాతి గుర్తుపట్టగలిగినవాళ్లకు కూడా వచ్చేది ఆ ఫొటోలోని సరుకు కాదు. పొడి సంగతి చెప్పక్కర్లేదు. ఏం కలిపారో తెలియదు, ఏరడానికి వీల్లేదు, వడపోతలో గుడ్డ రంధ్రాలు మూసేస్తుంది, మిగిలింది పట్టు దారంలో ఇరుక్కుని మచ్చలు చేస్తుంది.

ఏ సరుకైనా తూకం వేసే ముందు ఏరాలి. పావుకిలోలో బెరడు, పుల్లలు, ఇసుక, నాచు కలిపి పాతిక గ్రాముల దాకా పోతుందనుకోండి. బెరడును బద్ధకించి వదిలేయొద్దు. దానిలోని టానిన్ రంగును మసకబారుస్తుంది, ఇనుప గిన్నె వాడితే ఏకంగా నల్లబరుస్తుంది. జల్లెడలో వేసి పొడిగానే దులపండి. నీళ్లతో కడగాల్సి వస్తే ఒక్కసారి ముంచి తీయడమే. తడి తగలగానే బూడిద రంగు రేక ఆకుపచ్చగా మారుతుంది. పై పొర నీళ్లు పీల్చి పారదర్శకమై, లోపలి శైవలం రంగు బయటికి కనిపించడమే తప్ప అది పచ్చరంగు అద్దకానికి సూచన కాదు. ఆకుపచ్చ వస్తుందని ఆశపడి నిరాశపడేవాళ్లు చాలామందే ఉన్నారు.

ఇక రంగు. సులువైన దారి ఉడకబెట్టడం. స్కాట్లాండ్ దీవుల్లో హారిస్ ట్వీడ్ అనే ఉన్ని బట్ట నేసేవాళ్లు క్రాటల్ అని పిలిచే లైకెన్‌తో తరతరాలుగా చేసింది ఇదే. ఉన్ని ఒక వరస, లైకెన్ ఒక వరస గుండిగలో పరిచి గంటల తరబడి మరిగించేవారు. తూకానికి తూకం లెక్క: 100 గ్రాముల దారానికి 100 గ్రాముల ఏరిన రాతిపువ్వు, 3 లీటర్ల నీళ్లు. చేత్తో తుంచి రాత్రంతా నానబెట్టండి. పొద్దున సన్నటి సెగ మీద పెట్టి, కుతకుత ఉడకనీయకుండా 85 నుంచి 90 డిగ్రీల మధ్య రెండు మూడు గంటలు ఉంచండి. అదే నీటిలో చల్లారనిచ్చి పాత పంచెలో వడకట్టండి. దారాన్ని తడిపి పిండి, గోరువెచ్చటి రంగునీటిలో వేసి, పట్టుకైతే 80 డిగ్రీలు దాటకుండా గంటసేపు మెల్లగా తిప్పుతూ ఉంచండి. మంట ఆపాక రాత్రంతా అందులోనే వదిలేస్తే ఛాయ ఒక మెట్టు ముదురుతుంది. మొదటి ముంపులో తేనె రంగు వస్తుంది. అదే నీటిలో మళ్లీ ముంచితే, లేదా ఎవర్నియాస్ట్రమ్ పట్టీలు ఎక్కువున్న సరుకైతే, తుప్పు రంగు దాకా పోతుంది. ఆ పట్టీల్లోని సలాజినిక్ ఆమ్లం దీనికి మూలం.

రంగు దారానికి పట్టడానికి మామూలుగా వాడే పటిక ఇక్కడ అక్కర్లేదు. ఇదే రాతిపువ్వులోని గొప్ప సుఖం. పట్టు, ఉన్ని మాంసకృత్తులతో తయారైన దారాలు. లైకెన్ ఆమ్లాల్లోని ఆల్డిహైడ్ భాగాలు ఆ మాంసకృత్తుల్లోని అమైన్లను నేరుగా పట్టుకుంటాయి. మధ్యలో దళారీ అవసరం లేదు. అందుకే ఉతికినా పోని గోధుమ రంగు వస్తుంది. అదే కారణంగా నూలుకు అంటదు. నూలులో ఆ అమైన్లే లేవు. పోచంపల్లి నూలు చీరను ఇందులో ముంచితే ఒక ఉతుకుతో మాసిన తెలుపు మిగులుతుంది. దారం కొనేటప్పుడు కూడా జాగ్రత్త. ఉన్ని అని అల్లిక కొట్లలో అమ్మేదాంట్లో చాలా భాగం యాక్రిలిక్. ఆర్ట్ సిల్క్ అనేది పట్టు కానే కాదు, విస్కోస్. ఒక పోగు కాల్చి చూడండి. వెంట్రుకలు కాలిన కంపు వచ్చి, బూడిద వేళ్ల మధ్య పొడి అయితే ఉన్ని లేదా పట్టు. కాగితం కాలిన వాసన వస్తే విస్కోస్. కరిగి గట్టి పూసలా అయితే యాక్రిలిక్. పట్టు చిలపలైతే (దారపు చుట్టలు) జిగురు తీసినవే అడగండి. జిగురున్న పట్టు రంగును పైపైనే పట్టుకుని, తర్వాత జిగురుతో పాటు వదిలేస్తుంది. తెలంగాణ గొంగడి ఉన్ని దీనికి బ్రహ్మాండంగా పనికొచ్చేదే, కాకపోతే దక్కనీ గొర్రెల ఉన్ని ఎక్కువగా నలుపు. నలుపు మీద ఏ రంగు వేసి ఏం లాభం! తెల్లది దొరికితే వదలొద్దు.

ప్రెషర్ కుక్కర్‌లో పెడితే గంటలో అయిపోతుందని సలహా ఇచ్చేవాళ్లుంటారు. వినొద్దు. నానిన రేకలు ఉబ్బి ఆవిరి రంధ్రానికి అడ్డుపడతాయి. స్టీల్ గిన్నె మంచిది. రంగుకు వాడిన గిన్నెను మళ్లీ వంటింట్లోకి తేకండి. లైకెన్లు గాలిలోంచి సీసం లాంటి లోహాలను పీల్చి దాచుకుంటాయి. మసాలాగా చిటికెడు వేసుకోవడం వేరు, వంద గ్రాములు మూడు గంటలు మరిగించి సారం తీయడం వేరు.

ఊదా రంగు విషయానికొస్తే, సరుకును అసలు అంచనా వేయాల్సింది ఇక్కడే. కావాల్సినవి: చుక్క పరీక్షలో ఎర్రబడిన జాతి రేకలు (చుక్క వేయనివి) 50 గ్రాములు, మిక్సీలో కాకుండా రోట్లో బరకగా దంచినవి. లీటరు గాజు సీసా, ప్లాస్టిక్ మూతతో. 25 శాతం అమ్మోనియా ద్రావణం 40 మిల్లీలీటర్లు, నీళ్లు 410. అమ్మోనియా కిరాణా కొట్లో దొరకదు, ల్యాబ్ కెమికల్స్ అమ్మే దుకాణంలో అడగాలి. సీసా సగానికి మించి నిండకూడదు. పై సగం గాలి కోసం. రంగు పుట్టించేది అమ్మోనియా ఒక్కటే కాదు, ఆక్సిజన్ కూడా. మూత బిగించి మూల పెట్టి మర్చిపోతే ఊదా రాదు, గోధుమ రంగు దగ్గరే ఆగిపోతుంది. మొదటి వారం రోజుకు మూడుసార్లు మూత తీసి, మళ్లీ బిగించి బాగా కుదపాలి. తర్వాత రోజుకొకసారి చాలు. బాల్కనీలో చేయండి, ముఖం దూరంగా పెట్టుకుని మూత తీయండి. యూరప్‌లో పాతకాలపు రంగరులు ఇదే పనికి నిలవ ఉంచిన మూత్రం వాడేవారు. అపార్ట్‌మెంట్లో ఆ పద్ధతి పాటిస్తే అసోసియేషన్ వాళ్లు ఊరుకోరు.

ఒక హెచ్చరిక. పరీక్షకు వాడిన బ్లీచింగ్ నీళ్లు, ఈ అమ్మోనియా ఎప్పుడూ ఒకచోట కలవకూడదు. రెండూ కలిస్తే క్లోరమైన్ అనే విషవాయువు పుడుతుంది. చుక్క వేసి చూసిన రేకలను సీసాలో వేయకుండా పక్కన పారేయమనేది అందుకే. ఒకే సింకులో రెండూ పారబోయడం కూడా వద్దు.

తొలి రోజే నీళ్లు ఎర్రటి గోధుమ రంగుకు తిరుగుతాయి. వారానికి ద్రాక్షరసంలా, మూడు నాలుగు వారాలకు చిక్కటి ఊదాగా మారతాయి. తెల్ల కాగితం మీద చుక్క వేసి ఆరనిస్తే ఎంతవరకు వచ్చిందో తెలుస్తుంది. చుక్క అంచు గోధుమగానే ఉంటే ఇంకా ఆగాలి. హైదరాబాద్ ఎండాకాలంలో ఇది మొదలుపెట్టకండి. 40 డిగ్రీల వేడికి అమ్మోనియా ఆవిరై మూత కింద ఒత్తిడి పెరుగుతుంది, మూత తీయగానే మొహాన కొడుతుంది. నాలుగు రోజులకు సీసాలో అమ్మోనియా ఉండదు, బూజు ఉంటుంది. 15 నుంచి 25 డిగ్రీలు దీనికి అనువైన వేడి, అంటే మన దగ్గర కార్తీకం నుంచి సంక్రాంతి దాకా. మూత తీసినప్పుడు ఘాటు తగ్గినట్టనిపిస్తే ఇంకో 5 మిల్లీలీటర్ల అమ్మోనియా కలపండి. రాగి, ఇత్తడి, అల్యూమినియం గిన్నెలు దగ్గరికే రానివ్వొద్దు. అమ్మోనియా రాగిని తినేస్తుంది, రంగూ పాడవుతుంది.

వడకట్టిన రంగును ఒకటికి పది వంతుల నీళ్లతో పలచన చేసి, 60 నుంచి 70 డిగ్రీల వేడిలో తడి పట్టును 40 నిమిషాలు ఉంచి, ఆ నీటిలోనే చల్లారనివ్వండి. మరిగిందంటే ఊదా చచ్చి బురద రంగు మిగులుతుంది. మొదటి 50 గ్రాముల చిలప వంకాయ రంగుకు వస్తుంది. అదే నీటిలో రెండోది లేత ఊదా, మూడోది తెల్ల తామర అంచున కనిపించే గులాబీ. నీళ్లు బోరువా, నల్లావా అన్నది ఇక్కడ తేడా చూపిస్తుంది. లిట్మస్ చుట్టమే కదా, క్షారం తగిలితే నీలం వైపు, ఆమ్లం తగిలితే ఎరుపు వైపు జరుగుతుంది. నగరంలో చాలా బోర్లలో కఠినజలమే కాబట్టి అందులో చేస్తే ఊదా కాస్త నీలంగా, మొద్దుగా దిగుతుంది. ఆర్వో నీళ్లలో స్వచ్ఛంగా వస్తుంది. లీటరుకు చెంచాడు వెనిగర్ కలిపిన నీటిలో చివర ముంచితే మెజెంటా వైపు తిరుగుతుంది. బట్టల సబ్బుతో ఉతికితే మళ్లీ నీలిస్తుంది. కుంకుడు రసంతో ఉతకడం మేలు, అది స్వల్పంగా ఆమ్ల గుణం కలది.

ఇంత చేసినా ఈ ఊదాకు ఒక పెద్ద లోపం ఉంది. ఎండకు నిలవదు. చిలపలో సగానికి అట్టముక్క చుట్టి, పడమటి కిటికీలో రెండు వారాలు వేలాడదీసి, అట్ట విప్పి చూడండి. గీత గీసినట్టు తేడా కనిపిస్తుంది. ఇది బేగంబజార్ సరుకు లోపం కాదు, ఆర్సీన్ స్వభావమే అంత. యూరప్‌లో ఆర్చిల్ పేరుతో దీని మీద పెద్ద వ్యాపారమే నడిచింది. ఫ్లోరెన్స్‌లో రుచెల్లాయ్ వంశానికి ఆ ఇంటిపేరు ఈ రంగు వల్లే వచ్చింది. 1758లో స్కాట్లాండ్‌కు చెందిన కత్‌బర్ట్ గోర్డన్ దీనికి పేటెంట్ తీసుకుని కడ్‌బేర్ అని అమ్మాడు. అప్పుడు కూడా అద్దకందారులు దీన్ని ఒంటరిగా నమ్మేవారు కాదు, నీలిమందు లాంటి గట్టి రంగుతో జోడించి మెరుపు కోసం వాడేవారు. 1856లో పెర్కిన్ అనే ఇంగ్లిష్ రసాయన శాస్త్రవేత్త కృత్రిమ ఊదా కనిపెట్టాక ఈ వ్యాపారం మెల్లగా మూలపడింది. కాబట్టి రాతిపువ్వు ఊదాను చీర కొంగుకు, పైట అంచుకు వేయొద్దు. పెట్టెలో ఉండే శాలువాకు, గోడకు కాకుండా పుస్తకంలో పెట్టుకునే నమూనాలకు, జాకెట్ లోపలి అస్తరుకు సరిపోతుంది. రోజూ కట్టే చీరకు ఊదా కావాలంటే నీలిమందు మీద లక్క రంగు వేసుకోండి, దాని మన్నిక వేరు. గోధుమ రంగుకు మాత్రం ఈ భయం చాలా తక్కువ.

అచ్చమైన ఆర్చిల్ జాతి రొసెల్లా సంగతి కూడా కొందరు అడుగుతుంటారు. దాని చుట్టం రొసెల్లా మాంటాగ్నెయ్ మన దేశపు సముద్రతీరాల్లో చెట్ల మీద పెరుగుతుంది. హైదరాబాద్ మసాలా కొట్లలో అది దొరకదు, ఆ పేరుతో ఎవరైనా ఇస్తే చుక్క పరీక్ష చేయకుండా డబ్బులివ్వకండి. గోల్కొండ గోడల మీద, జూబ్లీహిల్స్ బండల మీద కనిపించే బూడిద, పసుపు మచ్చలూ లైకెన్లే, కానీ అవి రాతిలోకి అతుక్కుపోయిన పొలుసులు. గీకితే రంగు కంటే రాతి పొడే ఎక్కువ వస్తుంది. రేకలు విప్పుకునే జాతులకు గాలి శుభ్రంగా ఉండాలి, పొగలో బతకవు.

ఎంత కొనాలన్నది కూడా లెక్క వేసుకోవాలి. ఒక పట్టు చీర అర కిలో ఉంటే, తూకానికి తూకం అంటే అర కిలో రాతిపువ్వు, ఏరుడులో పోయేదీ కలుపుకుంటే ఆరు వందల గ్రాముల దాకా కొనాలి. రేక ఏడాదికి కొన్ని మిల్లీమీటర్లే పెరుగుతుంది. అరచేయంత కావాలంటే ఏళ్లూ పూళ్లూ పడుతుంది. వీటిని కాపాడి చూపించడానికే ఉత్తరాఖండ్ అటవీ శాఖ 2020లో మున్సియారీలో లైకెన్ పార్కు పెట్టింది. అందుకని గోధుమ రంగుకైనా చీరంతా దీనితో ముంచకుండా, చెంగు అంచుకు కావాల్సిన రెండు మూడు చిలపలకే వాడితే సరుకూ ఆదా, అడవీ ఆదా.

మొదటిసారి కొనేవాళ్లు పావుకిలో విడి రేకలు తీసుకోండి. ఎర్రబడిన జాతి రేకలు ఒక డబ్బాలో, మిగిలినవి ఇంకో డబ్బాలో గాలి చొరబడకుండా పెట్టి, డబ్బా మీద కొన్న నెల రాసుకోండి. ఎర్రబడినవి చలికాలం దాకా ఆగుతాయి. రెండో డబ్బాతో ఈ వారమే గోధుమ రంగు వేసేయొచ్చు. ఉడికించాక మిగిలిన పిప్పిని పారేయకండి. ఎండబెట్టి రెండోసారి ఉడికిస్తే లేత తేనె రంగు ఇంకో చిలపకు వస్తుంది.